కరచాలనమే కళ



కళ అనగానే మనకు బొమ్మ, పాట, నాటకం గుర్తుకొస్తాయి. కానీ మనుషులు ఒకరితో ఒకరు ఎలా మెలుగుతారన్న దాన్నే కళగా మలిచేవారూ ఉన్నారు. దీన్ని పర్ఫార్మెన్స్ ఆర్ట్‌లో ఒక రకంగా చెప్తారు. ఇందులో వేషం ఉండదు, కంఠతా పట్టిన డైలాగులూ ఉండవు. కళాకారుడు నిజంగానే ఒక పని చేస్తాడు. ఎదుటి మనిషి చెయ్యి కలిపితేనే అది పూర్తవుతుంది. తర్వాత మిగిలేవి ఫోటోలు, వీడియోలు.

పీజీలో సోషియాలజీ చదువుతూ లైబ్రరీలో ఇలాంటి ఒక కళాకారిణి గురించి తెలుసుకున్నాను. ఆమె పేరు మియర్లే లేడర్‌మన్ యూకలీస్. 1939లో అమెరికాలోని డెన్వర్‌లో పుట్టారు. తల్లి అయ్యాక రోజంతా ఇంటి పనితోనే సరిపోయేది. తుడవటం, కడగటం, వండటం లేకుండా ఏ ఇల్లూ, ఏ ఊరూ నడవదు కదా, మరి ఆ పనికి విలువ ఎందుకు లేదని ఆలోచించారు. ఆ పనే నా కళ అని 1969లో ఒక ప్రకటన రాశారు. 1973లో హార్ట్‌ఫర్డ్ నగరంలో ఒక మ్యూజియం మెట్లను గంటల తరబడి కడిగి చూపించారు.

1977లో న్యూయార్క్ నగర పారిశుధ్య విభాగంలో జీతం లేని కళాకారిణిగా చేరారు. అక్కడ చేసిందే 'టచ్ శానిటేషన్'. 1979 జులై నుంచి 1980 జూన్ వరకు నగరమంతా తిరిగి, సుమారు 8,500 మంది పారిశుధ్య కార్మికులను కలిశారు. ఒక్కొక్కరికీ ఎదురుగా నిలబడి, చెయ్యి కలిపి, "న్యూయార్క్ నగరాన్ని బతికిస్తున్నందుకు ధన్యవాదాలు" అన్నారు. వాళ్ల కష్టాలు విన్నారు.

వాళ్లలో ఒకరు చెప్పిన సంగతి ఇది. ఎండలో అలసిపోయి ఒక ఇంటి మెట్ల మీద కూర్చుంటే, ఇంటావిడ కంపు కొడుతున్నారు, లేచి పొమ్మందట. ఆ మాట ఆయన గొంతులో పదిహేడేళ్లు అడ్డం పడే ఉంది. 1984లో యూకలీస్ అలాంటి మెట్లనే ఒక గ్యాలరీ దగ్గర కట్టించారు. జనం కార్మికులను పిలిచే చెడ్డ పేర్లను అక్కడి అద్దం మీద రాయించి, అందరి చేతా కడిగించారు.

'టచ్' అంటే స్పర్శ. ఆ మాట న్యూయార్క్‌లో ఒకలా, మన వాడల్లో ఒకలా వినిపిస్తుంది. రాజ్యాంగం 17వ అధికరణతో అంటరానితనాన్ని రద్దు చేసింది. అయినా చీపురు పట్టిన చేతికి మంచినీళ్లు పైనుంచి పోసేవాళ్లను నేను కళ్లారా చూశాను.

ఎందుకంటే ఆ చెయ్యి మా అమ్మది. అమ్మ మున్సిపాలిటీలో పారిశుధ్య కార్మికురాలు. ఆరో తరగతిలో హాస్టల్లో చేరేటప్పుడు దరఖాస్తులో తల్లి వృత్తి అన్నచోట 'కూలి' అని రాశాను. ఎవరూ చెప్పమనలేదు, సిగ్గుపడి నేనే రాశాను. డిగ్రీ దాకా ప్రతి ఫారంలోనూ అదే అబద్ధం. నిరుడు పీజీ స్కాలర్‌షిప్ ఫారంలో మొదటిసారి నిజం రాశాను.

చెయ్యి కలిపినంత మాత్రాన జీతం పెరగదు, గ్లవ్స్ రావు. వాటికోసం అడగాల్సిందే, పోరాడాల్సిందే. కానీ చెయ్యి కలపటానికే వెనకాడేవాళ్లు మన తరఫున ఏం అడుగుతారు?

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ! రేపు పొద్దున మన వరండా ఊడ్చే అక్క పేరు అడగండి. అమ్మానాన్నల పనిని ఫారంలో ఉన్నదున్నట్టు రాయండి.