ఎత్తెక్కని పెన్న

పెన్న మీది సోమశిల ఆనకట్ట నెల్లూరు జిల్లా అనంతసాగరం మండలంలో ఉంది. సంగం బ్యారేజీ సంగంలో ఉంది. రెండూ ఆత్మకూరు నియోజకవర్గంలోవే. కిందనున్న డెల్టా అంతా వరి పండించే నీళ్ళు ఆత్మకూరు వాకిట్లోంచే పోతాయి. అయినా ఆత్మకూరు దాటి మర్రిపాడు, ఉదయగిరి, సీతారామపురం దిక్కుగా పోయేకొద్దీ టీకొట్టు దగ్గర వినపడేవన్నీ బోరు మాటలే. ఎన్నడుగులు దించావు, ఎన్ని ఇంచీలు పడింది, కేసింగ్ ఎక్కడిదాకా దిగింది? ఎవరైనా తలొంచుకుని కూర్చుంటే అడగనక్కర్లేదు, దుమ్ము లేచిందన్నమాటే.

నెల్లూరంటే బయటివాళ్ళకు మొలగొలుకుల బియ్యం, చేపల పులుసు, పచ్చటి కయ్యలు. అది తూర్పు నెల్లూరు. పడమర వెలిగొండల కిందిది మెట్ట. నీరు పల్లమెరుగన్నట్టు సోమశిల కాలువలన్నీ దిగువకే పోతాయి. సంగం దగ్గర తెల్లదొరలు 19వ శతాబ్దంలోనే ఆనకట్ట కట్టారు. 2022 సెప్టెంబరులో దాని స్థానంలో దివంగత మంత్రి మేకపాటి గౌతంరెడ్డి పేరుతో బ్యారేజీ వచ్చింది. అప్పుడూ ఇప్పుడూ లాభం దిగువవాళ్ళదే. దీన్ని అన్యాయమని ఒక్కమాటలో తేల్చెయ్యడం నాకిష్టం లేదు, డెల్టా రైతు ఎవరి నీళ్ళూ దొంగిలించలేదు. కానీ తమ గడ్డమీద నిలిపిన 78 టీఎంసీల జలాశయాన్ని కొండెక్కి చూసి, ఇంటికొచ్చి క్యాను నీళ్ళు కొనుక్కోవడం ఎలా ఉంటుందో మెట్టవాళ్ళకే తెలుసు.

నీళ్ళెక్కని ఈ ఎత్తే ఒకప్పుడు ఉదయగిరికి సిరి. మూడువేల అడుగుల పైచిలుకు కొండ మీద గజపతుల దుర్గం. దాన్ని పట్టడానికి శ్రీకృష్ణదేవరాయలికి ఏడాదిన్నర పట్టింది. మనిషి వెనక మనిషి తప్ప నడవలేని దారి అదని, సైన్యాన్ని పైకి చేర్చడానికి రాయలు బండలు పగలగొట్టించి బాటలు వేయించాడని పోర్చుగీసు గుర్రాల వర్తకుడు నూనిజ్ రాసిపెట్టాడు. 1514లో కోట పడింది. ఇక్కడి బాలకృష్ణుడి విగ్రహాన్ని రాయలు హంపీకి తీసుకుపోయి గుడి కట్టించాడు. ఆ విగ్రహం ఇప్పుడు చెన్నై మ్యూజియంలో ఉంది. తర్వాత గోల్కొండ, ఆర్కాటు నవాబులు, జాగీర్దార్లు. చివరి జాగీర్దారు 1839లో ఈస్టిండియా కంపెనీ మీద కుట్ర చేశాడని చెంగల్పట్టుకు పంపేశారు. అక్కడితో ఉదయగిరి మీద రాజుల ఆసక్తి అయిపోయింది. మిగిలింది రాయి.

ఆ రాయి కూడా మామూలుది కాదు. నెల్లూరు జిల్లా శిలల్ని పరిశీలించిన భూగర్భ శాస్త్రవేత్తలు వాటిని వింజమూరు శ్రేణి, ఉదయగిరి శ్రేణి అని ఈ ఊళ్ళ పేర్లతోనే విడదీశారు. ఇలాంటి గట్టి రాతిలో నీళ్ళు పగుళ్ళలోనే దొరుకుతాయి. పగులు తగిలిందా పంట, లేదంటే అప్పు. పక్క పొలంలో రెండించీలు పోస్తుంటే గట్టు ఇవతల చుక్క ఉండదు. లోతుకు పోయేకొద్దీ ఫ్లోరైడు బెడద వేరే. 1937లో గిండీ కింగ్ ఇన్‌స్టిట్యూట్‌కు చెందిన షార్ట్ బృందం మనుషుల్లో ఫ్లోరోసిస్ గురించి రాసింది అప్పటి నెల్లూరు జిల్లా మెట్ట ఊళ్ళు చూసే. గారపళ్ళు, వంగని నడుములు. ఆ ఊళ్ళున్న కనిగిరి, పొదిలి, దర్శి తాలూకాలు 1970లో ఒంగోలు జిల్లాలోకి పోయాయి. నీళ్ళు మాత్రం జిల్లా సరిహద్దు చూసుకోలేదు, వరికుంటపాడు వైపు అదే గొడవ. ఫ్లోరైడు లీటరుకు ఒకటిన్నర మిల్లీగ్రాములు దాటితే తాగకూడదంటారు. కాచి తాగితే పోయే మలినం కాదది, కాచేకొద్దీ ఇంకా చిక్కబడుతుంది. అందుకే ప్రతి ఊళ్ళో ఫిల్టరు నీళ్ళ ప్లాంటు, దాని ముందు బిందెలు, ఇరవై లీటర్ల క్యాన్లు.

ఈ మెట్ట ఆడవాళ్ళు నోరులేనివాళ్ళు కారు. కలిగిరి మండలం దూబగుంటలో రాత్రి బడికి పోయి అక్షరాలు దిద్దుకున్న ఆడవాళ్ళు సారా పాకెట్ల బండిని ఊళ్ళోకి రానివ్వలేదు. వాళ్ళలో రోశమ్మ పేరు రాష్ట్రమంతా పాకింది. సారా వేలం పాటలు ఆగాయి, 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రంలో సారా నిషేధం వచ్చింది. ఊళ్ళోకి వచ్చేదాన్ని అడ్డుకోవాలంటే రోడ్డుమీద కూర్చుంటే సరిపోయింది. ఊళ్ళోకి రానిదాన్ని రప్పించడానికి ఎక్కడ కూర్చోవాలి?

ఉన్నదాంతోనే బతుకు నెట్టుకొస్తున్నారు. ఉదయగిరి ముస్లిం వీధుల్లో ఆడవాళ్ళు దుర్గం అడవి నుంచి తెచ్చిన నర్ది, కలివి కర్రతో చెంచాలు, గరిటెలు, దువ్వెనలు చేస్తారు. కర్రను మడమ కింద అదిమిపెట్టి, ఉలితో గుంట తీసి, ఆకురాయితో రాస్తుంటే పొట్టు ఒళ్ళో రాలుతుంది. పిడికి చేప ఆకారం వచ్చేదాకా చెయ్యి ఆగదు. ఈ పనికి భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. దీనికి వాన అక్కర్లేదు. మగవాళ్ళది పొగాకు. కలిగిరిలో, మర్రిపాడు మండలం డీసీపల్లిలో వేలం కేంద్రాలున్నాయంటే కారణం అదే: తక్కువ తడికి ఓర్చుకునే పంట. పొగాకు వద్దని బయటివాళ్ళు సలహా ఇస్తారు. దాని బదులు ఏం వెయ్యాలో చెప్పేవాళ్ళు నీళ్ళ దగ్గరికొచ్చేసరికి ఆగిపోతారు. బీడు పడితే జామాయిల్ నాటి ఊరొదిలి పోతారు.

నీళ్ళిస్తామనే మాటలకేం కరువు లేదు. వెలిగొండ ప్రాజెక్టుకు 1996లో శంకుస్థాపన జరిగింది. శ్రీశైలం జలాశయం నుంచి పద్దెనిమిది కిలోమీటర్లకు పైగా రెండు సొరంగాలు, మొత్తం 4.47 లక్షల ఎకరాల ఆయకట్టు, అందులో నెల్లూరు వాటా 84 వేలు. 2024 మార్చిలో సొరంగాల్ని జాతికి అంకితం చేశారు. సొరంగం వేరు, పొలం గట్టు వేరు. మధ్యలో నల్లమలసాగర్ జలాశయం ముంపు ఊళ్ళ పరిహారం, పంట కాలువలు ఉన్నాయి. ఆ కాలువకు ఉదయగిరి వైపు పొలాలు చిట్టచివరివి. కొస రైతుకు నీళ్ళెలా అందుతాయో డెల్టాలోనూ చూస్తున్నదే.

నాకు ఇంతకన్నా దగ్గరగా కనిపించేది సోమశిల హైలెవెల్ కాలువ. పెన్న నీళ్ళనే మోటార్లతో ఎత్తి ఆత్మకూరు, ఉదయగిరి మెట్టలో 90 వేల ఎకరాలకు ఇవ్వాలన్నది లెక్క. రెండో దశకు 2020 నవంబరులో శంకుస్థాపన చేశారు. నీరు తనంతట ఎక్కదు కాబట్టి ఏటేటా కరెంటు బిల్లు తప్పదు. ఆ బిల్లు ఎవరు కడతారు, సోమశిలలో మట్టం తగ్గిన ఏడాది ముందు మోటారు ఆపుతారా, డెల్టా తూము ఆపుతారా అన్నది మోటార్లు బిగించకముందే కాగితం మీద రాసుకోవాలి. చెరువులకు, తాగే నీళ్ళకు మొదటి వాటా అని కూడా ఆ కాగితంలోనే ఉండాలి.