షేక్ జాయెద్ రోడ్డెక్కిన కూలీలు

దుబాయిలో మేడలు కట్టే మనిషి ఆ నగరాన్ని చూసేది ఎక్కువగా బస్సు కిటికీలోంచే. ఉండేది సోనాపూర్‌లోనో జబల్ అలీలోనో లేబర్ క్యాంపులో. తెల్లారకముందే కంపెనీ బస్సు సైటుకు తీసుకుపోతుంది, డ్యూటీ అయ్యాక తెచ్చి మళ్లీ అక్కడే దించుతుంది. అప్పు చేసి ఏజెంటుకు కట్టి జగిత్యాల, సిరిసిల్ల, నిజామాబాద్ పల్లెల నుంచి వెళ్లిన ఎందరికో ఇదే దినచర్య.

అక్కడ సమ్మె చేయకూడదు. కార్మిక సంఘం పెట్టుకునే హక్కూ లేదు. మరి జీతం ఆగిపోతే? 2005 సెప్టెంబరులో వందలాది మంది కూలీలు ఏకంగా షేక్ జాయెద్ రోడ్డును అడ్డగించారు. నగరంలో అన్నిటికన్నా రద్దీగా ఉండే హైవే అది. నెలల తరబడి రాని జీతాలను వెంటనే చెల్లించాలని కార్మిక మంత్రి కంపెనీని ఆదేశించారు. కార్లు ఆగాకగానీ కూలీల గోడు వినబడలేదన్నమాట.

ఆరు నెలలకు, 2006 మార్చి 21న, నేటి బుర్జ్ ఖలీఫా కడుతున్న చోట దాదాపు 2,500 మంది తిరగబడ్డారు. కార్లు, ఆఫీసులు ధ్వంసమయ్యాయి. నష్టం సుమారు 10 లక్షల డాలర్లని అంచనా. క్యాంపుకు చేర్చే బస్సులు ఆలస్యం కావడంతో మొదలైన గొడవ ఇది. బస్సు కోసం ఇంత కోపమా అనకండి. అప్పట్లో అక్కడ మామూలు కూలీకి రోజుకు దక్కేది 4 డాలర్లు, కార్పెంటరుకు 7.60 డాలర్లు. పన్నెండు గంటల పని తర్వాత బస్సు కోసం నిలబడే గంటకు ఎవరూ డబ్బివ్వరు, పోయేది నిద్రే. మర్నాడు విమానాశ్రయం కొత్త టెర్మినల్ కడుతున్నవాళ్లూ పనిముట్లు కింద పెట్టారు.

2007లో కారణం మారింది. దిర్హమ్ విలువ డాలరుతో ముడిపడి ఉంటుంది. ఆ ఏడు డాలరు పడి రూపాయి బలపడడంతో 12 రూపాయలున్న దిర్హమ్ 11 లోపుకు దిగింది. నెలకు 600 దిర్హమ్‌లు పంపే ఇంటికి ఏడు వందల రూపాయలకు పైగా తక్కువ చేరేది. ఊళ్లో అప్పు మీద వడ్డీ మాత్రం పైసా తగ్గలేదు. ఆ ఏడాది చివర్లో వేలాది మంది పని ఆపేశారు.

జీతాలు బ్యాంకుల వంటి ఆర్థిక సంస్థల ద్వారానే చెల్లించాలన్న విధానం 2009లో వచ్చింది. ఎగవేతను పట్టుకోవడం తేలికైంది, మంచిదే. కానీ వచ్చే జీతం ఎంతన్నది అందులో లేని మాట. 2013 మేలో అరబ్‌టెక్ అనే నిర్మాణ కంపెనీ కార్మికులు ఆ మాటే అడుగుతూ పని ఆపారు. వారిలో పలువురిని దేశం నుంచి పంపించేశారు.