పురదృశ్యము - పేటనేత : రేపటి నమూనాలకు మూలములు

తెలంగాణమునుండి వలసవచ్చిన పద్మశాలీలు షోలాపురమున స్థిరపడి తరములు గడచినవి. 1877లో ఇచ్చట నూలు మిల్లు వెలసిన పిదప ఈ నగరము నేతకు పెట్టినది పేరయ్యెను. 2005-06లో షోలాపురపు చద్దరునకు భౌగోళిక గుర్తింపు లభించినది. అయితే ఆ గుర్తింపు పేరును కాపాడునే గాని నమూనాను కాపాడదు. నెమలి, పువ్వు, తీగ - ఇవియే మరల మరల నేయబడుచున్నవి. క్రొత్త రూపము మన పేటలలో పుట్టనిచో, పరుల నమూనాలను నేయు కూలివారముగా మాత్రమే మిగులుదుము. కావున ఆ రూపమెచ్చట దొరకునో విచారింతము.

మొదట మగ్గపు ధర్మము తెలియవలెను. ఫ్రాన్సు దేశమున లియోను నగరమందు 1804 ప్రాంతమున జాకార్డు రూపొందించిన సాధనములో, రంధ్రములు గల అట్టలు పడుగుపోగులను నడపును. రంధ్రమున్నచోట పోగు లేచును. లేనిచోట క్రిందనే యుండును. గళ్లకాగితముపై గీసిన నమూనా ఆ అట్టలకు మూలము. అందుచే మగ్గమునకు వంపుగీత యైనను మెట్లు మెట్లుగానే తెలియును. పోగు కట్టుపడక చాలదూరము సాగినచో వస్తువులకు తగులుకొని తెగును. ఈ రెండు హద్దులలో ఇముడునదే మంచి నమూనా.

అట్టి రూపములు మన కన్నులయెదుటనే కలవు. భుయికోట కొమ్మలు సహజముగనే మెట్ల వరుసలు. సిద్ధేశ్వరుని చెరువు నడుమనున్న గుడియు, నీటిలో దాని నీడయు జంటనేతకు తగినవి. ఆ నేతలో ఒకవైపు వెలుగైనది మరియొకవైపు చీకటియగును. స్టేషనులో చీలిపోవు రైలుపట్టాలు ఏటవాలు చారలనిచ్చును. గడలపై ఆరుచున్న రంగుల చిలపలు వర్ణక్రమమును నేర్పును. రాత్రివేళ మేడల కిటికీలలో వెలిగినది యొక గడి, వెలుగనిది మరియొక గడి.

చూచినదానిని చూచినట్లే దింపరాదు. అనావశ్యకమును తొలగించి, మిగిలిన ఆకారమును గళ్లలో నింపి, ప్రక్కప్రక్కన పేర్చినపుడు అతుకు కనబడునో లేదో పరీక్షింపవలెను.

భవిష్యత్తు మగ్గమునకు పరాయిది కాదు. జాకార్డు అట్టలను చూచియే బాబేజీ 1830 దశకమున తన గణనయంత్రమునకు అట్టలను యోజించెను. 1994లో అమెరికాలోని నవాహో నేతకత్తె మారిలూ షుల్ట్స్, ఇంటెల్ సంస్థ కోరికపై, పెంటియం చిప్పు రూపమును తన జాతి సంప్రదాయపు నేతలోనే కంబళిగా నేసెను. పద్ధతి పాతది, చూపు క్రొత్తది.

ఇంకొక జాగ్రత్త కలదు. 2000 నాటి రూపకల్పనల చట్టము ననుసరించి నూతన నమూనాను నమోదు చేయించిన పది సంవత్సరములు, పొడిగించిన మరి యైదు సంవత్సరములు హక్కు లభించును. కాని బజారునకు తెచ్చుటకు ముందే నమోదు జరుగవలెను.

ఈ పని బడిలోనే ఆరంభము కావచ్చును. మన తెలుగు పాఠశాలలలో పిల్లలకు గణితపు గళ్లపుస్తకము ఉండనే యున్నది. పడుగు, పేక, చిలప యను మాటలను నేర్పునపుడే, తమ వీథిలో చూచిన యొక ఆకారమును గళ్లలో నింపి చూపుమని ఉపాధ్యాయులు అడుగుదురుగాక.