ట్రైబ్యూటైల్‌టిన్ (టీబీటీ)

తగరం పరమాణువుకు మూడు బ్యూటైల్ సమూహాలు నేరుగా కార్బన్ బంధంతో కలిసి ఉండే కర్బన లోహ సమ్మేళనాలను ట్రైబ్యూటైల్‌టిన్ అంటారు. నాలుగో బంధం క్లోరిన్‌తోనో, ఆక్సిజన్‌తోనో, హైడ్రోజన్‌తోనో ఉంటుంది. టెట్రాబ్యూటైల్‌టిన్‌ను టిన్ టెట్రాక్లోరైడ్‌తో వేడిచేస్తే సమూహాలు చేతులు మారి ట్రైబ్యూటైల్‌టిన్ క్లోరైడ్ తయారవుతుంది.

ఆహారపు డబ్బాలకు పూత పూసే తగరంతో పెద్దగా హాని లేదు. బ్యూటైల్ సమూహాలు చేరాకే ఆ లోహం కొవ్వులో కరిగి, కణపొరలు దాటి విషమవుతుంది. ఈ గుణాన్నే 1960ల నుంచి ఓడల రంగుల్లో వాడారు. ఓడ అడుగుకు సముద్రజీవులు, నాచు పట్టకుండా టీబీటీని యాక్రిలిక్ పాలిమర్‌కు ఎస్టర్ బంధంతో కలిపేవారు. ఉప్పునీటిలో ఆ బంధం విడిపోతూ విషం కొద్దికొద్దిగా వెలువడేది, పూత పైపొర అరుగుతూ కొత్త పొర బయటపడేది. రసాయనికంగా ఎంతో తెలివైన ఏర్పాటు. మూల్యం చెల్లించింది మాత్రం సముద్రమే.

ఫ్రాన్స్‌లోని ఆర్కషాన్ అఖాతంలో 1970ల చివర ఆల్చిప్పల పెంపకం దెబ్బతింది. చిప్పలు వికృతంగా మందమెక్కాయి, పిల్లలు బతకలేదు. లీటరు నీటిలో కొన్ని నానోగ్రాముల టీబీటీ ఉన్నా కొన్ని జాతుల ఆడ నత్తలకు మగ అవయవాలు మొలుస్తాయి. టీబీటీ కణాల్లోని ఆర్‌ఎక్స్‌ఆర్ గ్రాహకాన్ని ప్రేరేపించడమే అందుకు ప్రధాన కారణమని భావిస్తున్నారు.

1982లో ఫ్రాన్స్ చిన్న పడవలపై టీబీటీ రంగులను నిషేధించింది. ఓడలపై వాటిని నిషేధిస్తూ 2001లో కుదిరిన అంతర్జాతీయ ఒప్పందం 2008 సెప్టెంబరు 17న అమల్లోకి వచ్చింది. వెలుతురు, సూక్ష్మజీవుల వల్ల టీబీటీ ఒక్కొక్క బ్యూటైల్‌ను కోల్పోతూ చివరికి అకర్బన తగరమవుతుంది. నీటిలో ఇందుకు రోజులో వారాలో చాలు. గాలి సోకని రేవు బురదలో ఏళ్లు పడుతుంది, అందుకే పూడిక తీసే ముందు అక్కడి మట్టిని పరీక్షిస్తారు.