కొమ్ము – వయస్సు: ఒక పదపరిశీలన

దుప్పి తలపైనున్నదీ, కృష్ణజింక తలపైనున్నదీ తెలుగులో ‘కొమ్ము’గానే వ్యవహృతమవుతున్నాయి. వయోనిర్ధారణలో ఈ ఏకపదం భ్రాంతికి తావిస్తుంది. మగదుప్పి కొమ్ములు రాలి మళ్లీ మొలుస్తాయి. తొలిసారి శాఖలు లేకుండా వచ్చినా, ప్రౌఢదశలో సాధారణంగా కొమ్ముకు మూడు మొనలే ఉంటాయి. కనుక మొనలను లెక్కించి ఏండ్లు చెప్పలేము. ఒంటిచుక్కలు జీవితాంతం నిలుస్తాయి కాబట్టి అవీ ఆధారం కావు. పిల్లల వయస్సును దంతాలు మొలిచే క్రమం, పెద్దవాటి వయస్సును దంతాల అరుగుదల సూచిస్తాయి. అరుగుదల మేతను బట్టి మారుతుంది గనుక అది అంచనాయే. కృష్ణజింక కొమ్ములు రాలవు. ఎదిగేకొద్దీ మెలికలు పెరుగుతాయి, మగవాటి గోధుమవర్ణం నలుపుకు తిరుగుతుంది. కావున పాఠ్యగ్రంథకర్తలు ‘రాలు కొమ్ము’, ‘రాలని కొమ్ము’ అని విడదీసి చెప్పడం సమంజసం.