తెర వెనుక ఎవరు?

మన గుంటూరు, ప్రకాశం పల్లెల్లో తిరునాళ్ల రాత్రి పద్యనాటకం చూసినవారు మీలో ఎందరో ఉంటారు. కృష్ణుడు ఎవరు, అర్జునుడు ఎవరు అని చాలాకాలం చెప్పుకుంటాము. మరి హార్మోనియం వాయించినది ఎవరు?

ఒక సంగతి గమనించండి. 1920లో బాపట్లలో హరిశ్చంద్ర నాటకం ఆడవలసిన రోజున చంద్రమతి వేషధారి రాలేదు. ఇరవై ఏళ్లు నిండని స్థానం నరసింహారావు ఆ వేషం కట్టాడు. తరువాత తెనాలి శ్రీరామవిలాస సభలో స్త్రీ పాత్రలకు పేరుపొంది, 1956లో పద్మశ్రీ అందుకున్నాడు. ఆయన ధైర్యము గొప్పదే. కాని ఆ కుర్రవానికి చీర కట్టి, సవరం పెట్టి, రంగు పూసి పంపినవారు ఉండాలి గదా! ఆ కొత్త గొంతుకు తగిన శ్రుతి పట్టుకున్న హార్మనిస్టు ఉండాలి గదా!

ఈ హార్మనిస్టు పని ఏమిటో చాలామందికి తెలియదు. పద్యం ఎత్తుకోకముందే శ్రుతి అందించాలి. నటుడు రాగం తీస్తుంటే వెంట నడవాలి, అతడు ఊపిరి పీల్చుకుంటే ఆ ఖాళీ నింపాలి. పద్యపాదం మరచిపోతే, గుర్తొచ్చేదాకా వాయిస్తూ మానం కాపాడాలి. జనం "వన్స్‌మోర్" అంటే మళ్లీ మొదటికి! కాంట్రాక్టు నాటకాలలో ఇది మరీ కష్టం. పేరున్న నటులను తలా ఒక ఊరినుండి పిలిపించేవారు, కలిసి రిహార్సలు చేసినది ఉండదు. ఒకటో కృష్ణుడు, రెండో కృష్ణుడు అంటూ ఒక్క రాత్రిలోనే మనిషి మారేవాడు, శ్రుతీ మారేది. అటువంటి రాత్రిని తెల్లవారేదాకా నిలిపినది కృష్ణులు కాదు, హార్మనిస్టేనని నా అభిప్రాయం.

దీనికి పూర్తిగా భిన్నమైన పద్ధతి సురభివారిది. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో కీచకవధతో ఆరంభమైన కుటుంబ నాటక సమాజం అది. అక్కడ వేషము, తెర, దీపము, వాద్యము అన్నీ ఇంటివారే చూసుకుంటారు. ఈ రంగంలో రాజైనవాడు మరు రంగంలో తెర లాగవచ్చు. మాయాబజారులో వస్తువులు గాలిలో కదులుతుంటే పిల్లలు నోరు తెరుచుకుని చూస్తారు. ఆ తాడు క్షణం ముందు కదిలితే గుట్టు బయటపడుతుంది, క్షణం ఆలస్యమైతే నటుని మాట తేలిపోతుంది. అందుకే తాడు పట్టినవానికి కూడా సంభాషణలన్నీ కంఠస్థం కావాలి.

క్రిస్మసు నాటిక వేయబోయే యవ్వనస్థులు యోసేపు ఎవరు, మరియ ఎవరు అని ముందుగా పేర్లు రాస్తారు. ఆ కాగితంలోనే తెర లాగేవాని పేరు, లైట్లు చూసేవాని పేరు కూడా రాయండి. వారిని మొదటి రిహార్సలుకే పిలవండి. ఆఖరి రోజున పిలిస్తే, జ్ఞానులు ఇంకా దారిలో ఉండగానే నక్షత్రం ఆరిపోతుంది!