డిస్కు పట్టే కుక్కకు వార్మప్ ఎందుకు?

1974లో లాస్ ఏంజెలిస్‌లోని డాడ్జర్ స్టేడియంలో బేస్‌బాల్ ఆట మధ్యలో అలెక్స్ స్టెయిన్ అనే కుర్రాడు తన కుక్క యాష్లీ విపెట్‌తో మైదానంలోకి దూకేశాడు. అతను విసిరిన డిస్కులను అది గాల్లోకి ఎగిరి నోటితో పట్టేసింది. కుక్కల డిస్కు ఆట అమెరికా అంతటా తెలిసింది అప్పుడే.

అలా ఎగరడం ఒంటికి చిన్న పని కాదు. పరుగు, చటుక్కున మలుపు, గాల్లో మెలిక, ఆపైన నేల మీద పడడం! విశ్రాంతిగా ఉన్న కండరం బిగుతుగా ఉంటుంది. కదిలేకొద్దీ రక్తం ఎక్కువగా చేరి, వెచ్చబడి, బాగా సాగుతుంది. అందుకే కారు దిగిన కుక్కకు వెంటనే డిస్కు విసరకూడదు, అదెంత తొందరపెట్టినా సరే.

ముందు 5 నిమిషాలు నడిపించాలి. తర్వాత నెమ్మది పరుగు. 8 అంకె ఆకారంలో రెండు వైపులా తిప్పితే వెన్ను, నడుము వదులవుతాయి. వెనక్కి అడుగులు వేయిస్తే వెనక కాళ్లకు పని పడుతుంది. చివర్లో నేలకు దగ్గరగా కొన్ని విసుర్లు. కాళ్లు పట్టుకుని బలవంతంగా లాగొద్దు.

మరి ఆట అయ్యాక? కుక్కకు మనలా ఒళ్లంతా చెమట పట్టదు. పాదాల అడుగున కొద్దిగా పడుతుందంతే. ఒంటి వేడిని ముఖ్యంగా వగర్చే బయటికి పంపాలి. కాబట్టి వగర్పు తగ్గేదాకా నీడలో మెల్లగా నడిపిస్తూ, నీళ్లు కొద్దికొద్దిగా పట్టాలి. ఆగకుండా వగరుస్తూ తూలుతుంటే అది వడదెబ్బ కావచ్చు: ఒళ్లు చల్లటి నీళ్లతో తడుపుతూ పశువైద్యుల దగ్గరికి పరుగెత్తాలి.